మూడుకీ నాలుగుకీ మధ్య

గడియ వేసేసింది. వేశాక ఆ చప్పుడు తనకే పెద్దగా వినిపించింది. వినిపిస్తే వినిపించనీ, అన్నయ్యకి వినిపించాలనే కదా వేసింది, చాటుగా వేసుకోవడానికి ఇదేమన్నా దొంగతనమా. బల్ల మీద అచ్చు ఉంది. నేల టైళ్ళు పోసే ఐదు భుజాల ఇత్తడి అచ్చు. బయట ఎవరి చేతో చేయించి, మెరుగు కూడా పెట్టించి, పసిబిడ్డని పడుకోబెట్టినంత మెల్లగా ఆమె ముందు దింపి, "భోజనాల గంట అయ్యేలోపు దీనికి ముద్ర కొట్టు. కొట్టనంటే ముద్ర నాకిచ్చెయ్, రేపట్నించి ఈ గదిలోకి రానక్కర్లేదు" అని చెప్పి వెళ్ళిపోయాడు అన్నయ్య. అంతే. మామూలుగా అయితే కొండంత రాగం తీసేవాడు, చిన్నప్పటి సంగతులు ఎత్తేవాడు, నాన్నని తలుచుకునేవాడు, చివరికి నీ ఇష్టమమ్మా అంటూ భారమంతా ఆమె నెత్తిన పెట్టి పోయేవాడు. ఇవాళ రెండే ముక్కలు. రెండు ముక్కల్లో తేల్చాడంటే నిజంగానే అన్నాడని అర్థం, పుట్టిన దగ్గర్నుంచీ వింటున్న గొంతు, ఆ మాత్రం తెలియదా. ఒళ్ళు మండింది. ఆ మంటలోనే లేచి గడియ వేసింది, ఇప్పుడు స్టూలు మీద కూర్చుని అచ్చు వంక చూస్తోంది. అందంగా ఉంది దరిద్రం, అదే బాధ. భుజాలు ఐదూ సమానం, మూలలు ఐదూ సమానం, ఎక్కడా ఆకురాయి గీత కనబడదు, చేసినవాడెవడో గాని చెయ్యి మంచిది. లోపం ఒక్కటే. ఇది నేల మీద పరుచుకోదు.

పరుచుకోదని ఎన్నిసార్లు చెప్పలేదు. ఆఫీసు గదిలో చెప్పింది, మెట్ల మీద చెప్పింది, స్కూటరు వెనక కూర్చుని గాలికి మాట పోతుంటే ముందుకి వంగి చెవిలో చెప్పింది, అన్నిసార్లు గోడకి చెప్పుంటే ఈపాటికి సున్నమైనా రాలేది. మెయిన్ రోడ్డు మీద కొత్తగా లేస్తున్న ఆ పెద్ద భవనం ఓనరుకి ఐదు భుజాల గుర్తు బాగా కలిసొచ్చిందట, గేటు మీద అదేనట, తాగే కప్పుల మీద అదేనట, ఇప్పుడు కింద హాలంతా అదే ఆకారం టైళ్ళు పరవాలట, భుజాలన్నీ సమానంగా ఉండాలట, మధ్యలో ఇంకో ఆకారం ఏదీ కలవకూడదట. కలవనిస్తే దారి ఉంది, చెప్పింది, వీటి మధ్య సన్నటి డైమండు ఆకారం పెడితే నేలంతా చక్కగా మూసుకుంటుంది, ఆ డైమండుకి అచ్చు తను చేస్తుంది. వద్దన్నారట. పోనీ పిల్లలు గీసే ఇంటి బొమ్మలాగా కింద పెట్టె, పైన కప్పు, అది కూడా ఐదు భుజాలే, అదైతే పరుచుకుంటుంది. అది గుర్తులా లేదన్నారట. అయ్యా మరైతే కుదరదు అని అక్కడే చెప్పేస్తే పోయేది. అన్నయ్య ఏమన్నాడో తెలుసా, "అదెంత పనండీ, మా చెల్లెలు చేసి పెడుతుంది" అన్నాడు. చెల్లెలు చేసి పెడుతుంది. చెల్లెల్ని అడిగాడా, పెట్టాడా. ఇంటికొచ్చి తీరిగ్గా, సందులొచ్చిన చోట సిమెంటు కూరేద్దాంలే, నల్లరంగు కలిపామంటే వాళ్ళే డిజైన్ అనుకుంటారు, అన్నాడు. అనుకుంటారు, కొన్నాళ్ళు అనుకుంటారు. ఆ సందు సూదిమొనలాగా ఉంటుంది, ఆ మొనలో వట్టి సిమెంటు ఎన్నాళ్ళు నిలుస్తుంది, ముందు అది చిట్లుతుంది, తరవాత దాని పక్కనున్న టైలు అంచు చిట్లుతుంది, ఆ తరవాత ఎవరో ఒకరి కాలు మడతపడుతుంది. అప్పుడు అచ్చు వెనక్కి తిప్పి చూస్తే ఎవరి గుర్తు ఉంటుంది మరి.

గుర్తు ఉండేది ఈ ముద్రతోనే. పని కోటు జేబులో చెయ్యి పెట్టి తడుముకుంది, ఉంది, ఎక్కడికి పోతుంది. వేలెడంత ఉక్కు ముక్క, కొసన ఒక చుక్క, చుక్క చుట్టూ గీత. నాన్న ఈ పద్ధతి పెట్టాడు. కొత్త అచ్చు చేస్తే ముందు దాంతో ఓ అరడజను టైళ్ళు తీసి ఆరబెట్టాలి, ఈ గదిలోనే నేల మీద సుద్దతో ఒక చుక్క పెట్టి దాని చుట్టూ పేర్చాలి, గోరు దూరే సందు కూడా లేకుండా మూసుకుంటే అప్పుడు అచ్చు బోర్లించి వెనక ముద్ర కొట్టాలి. ఎవరు కొడతారో వాళ్ళే పేర్చాలి, ఒకరు పేర్చి ఇంకొకరు కొట్టడం లేదు, అందులో మాత్రం నాన్న ఎవరి మాటా వినేవాడు కాదు. ప్రెస్సు దగ్గర పనివాళ్ళు అచ్చు అందుకోగానే వెనక వైపు బొటనవేలితో తడుముతారు. ముద్ర తగిలితేనే అందులో రంగు పోస్తారు. వాళ్ళ పెద్దని అందరూ ప్రెస్సు బాబాయి అంటారు, ఆయన అయితే కళ్ళు మూసుకుని తడుముతాడు. బయట అరుగు మీద ఇప్పుడు ఆయనే దగ్గుతున్నాడు, టిఫిను డబ్బాల మూతలు చప్పుడవుతున్నాయి, కుళాయి ఎవరో సరిగ్గా కట్టెయ్యలేదు. వాళ్ళకి విషయం తెలుసు. తెలియనట్టు తింటున్నారు. ఈ ముద్ర పడకపోతే అన్నయ్య ఎంత గింజుకున్నా ఆ అచ్చు ప్రెస్సు ఎక్కదు, అందుకే కదా ఈ బెదిరింపులన్నీ, లేకపోతే అచ్చు బయట చేయించుకున్నవాడు ఈమె గుమ్మం ఎందుకు తొక్కుతాడు.

అసలీ ఐదుతో ఆమె పేచీ ఇవాళ్టిది కాదు. లెక్కల టీచరు ఒకావిడ ఉండేది, సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ ఎడమ చేతి మీద సుద్ద పొడి. నల్లబల్ల మీద మూడు బొమ్మలు గీసి, సమాన భుజాల ఆకారాల్లో నేలంతా తనొక్కటే నింపగలిగేవి ఈ మూడే, త్రిభుజం, చతురస్రం, షడ్భుజి, రాసుకోండి, అంది. అందరూ రాసుకున్నారు. ఈమె లేచి నిలబడి ఐదెందుకు కాదండీ అంది. "కుదరదు, కూర్చో." కూర్చోలేదు. అదేమిటి మరి, మూడు భుజాలదానికి చోటుంది, నాలుగుదానికి ఉంది, ఆరుదానికి ఉంది, మధ్యలో ఐదేం పాపం చేసిందని. ఐదు అనే కాదు, ఎవరినైనా మధ్యలోంచి తీసి పక్కన పెడితే ఆమె మొదట్నుంచీ ఊరుకునేది కాదు. సెలవులన్నీ దాని మీదే. నాన్న పారేసిన అట్టలు తెచ్చి ఐదు భుజాల ముక్కలు కత్తిరించడం, వరండాలో పరవడం, గాలి వీస్తే ఏరుకోవడం, మళ్ళీ పరవడం. మూడు పెడితే సందు. నాలుగోది తోద్దామంటే పట్టదు, పక్కదాని మీదికి ఎక్కుతుంది. కత్తెర వంకరేమోనని కొత్తవి కత్తిరించింది. అట్ట మందమేమోనని కాగితంతో చేసింది. అన్నయ్య వచ్చి కాలితో చెదరగొట్టి, ఏడిస్తే మళ్ళీ వాడే ఏరి ఇచ్చాడు. చివరికి గుడ్డ అయితే మాట వింటుందని అమ్మ కుట్టు పెట్టెలోంచి ముక్కలు తీసి అంచూ అంచూ కలిపి కుట్టేసింది, దారం గట్టిగా లాగి మరీ కుట్టింది, సందు మూసుకుంది, మూసుకోగానే అదంతా నేల విడిచి దొప్పలాగా పైకి లేచి కూర్చుంది. చేత్తో నొక్కితే అణగదు. ఇంకా ఇంకా కుట్టుకుంటూ పోతే అది బంతైంది. అమ్మ దాన్ని చూసి, "నేల పరుస్తానని బంతి కుట్టావటే, నిన్ను వంటింట్లోకి రానిస్తే ఇల్లే కడతావు" అని నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుంది.

ఆ రోజు ఓడిపోయింది. కాని ఎంత చిత్రమైన ఓటమి అది. కోణమానిని పెట్టి కొలుచుకుంటూ కూర్చుంటే అప్పుడు తెలిసింది, ఒక చుక్క చుట్టూ పూర్తిగా తిరిగి వస్తే మూడువందల అరవై, ఏ ఆకారం మూలలైనా అక్కడ చేరి సరిగ్గా అంతే కావాలి, ఎక్కువా కాకూడదు తక్కువా కాకూడదు. త్రిభుజం మూల అరవై, ఆరు చేరితే సరి. చతురస్రానికి నాలుగు. షడ్భుజి మూల నూట ఇరవై, మూడు చాలు. ఏడు భుజాలు, ఎనిమిది భుజాలు, అలా పెరిగిన కొద్దీ మూలలు ఇంకా విచ్చుకుంటాయి, మూడు పట్టవు, రెండుతో మూసుకోదు, వాటి సంగతి అక్కడితో సరి. మిగిలింది ఐదు. దాని మూల నూట ఎనిమిది, మూడు పెడితే ముప్పై ఆరు ఖాళీ, నాలుగు పెడదామంటే చోటు లేదు. మూడు చాలవు, నాలుగు ఎక్కువ, మూడుకీ నాలుగుకీ మధ్య ఇంకో అంకె లేదు. అంతే, ఇందులో టీచరమ్మ పక్షపాతం లేదు, తన చేతకానితనం లేదు. కుదరదు కూర్చో అన్న మాట అన్యాయం గాని, కుదరకపోవడం అన్యాయం కాదు. ఇంట్లో ఏ కుదరదుకైనా వెనక ఎవరో ఒకరి మొహం ఉండేది, ఆడపిల్లవి కుదరదు, పెద్దవాళ్ళు ఒప్పుకోరు కుదరదు, ఇవాళ కుదరదు. దీని వెనక ఎవరి మొహమూ లేదు. టీచరుకీ ఇదే, నాన్నకీ ఇదే, కాలితో తన్నిన అన్నయ్యకీ ఇదే. ప్రాణం హాయిగా అనిపించింది. అప్పట్నుంచీ ఈ ముప్పై ఆరు డిగ్రీల సందంటే ఆమెకి ఒక గౌరవం. ఇప్పుడు దాని నోట్లో నల్ల సిమెంటు కుక్కి, లేదని చెప్పమంటున్నాడు.

తలుపు మీద చప్పుడు. అన్నయ్యది కాదు, అన్నయ్య అరచేత్తో బాదుతాడు, ఇది వేలి కణుపులతో, రెండే సార్లు.

"నేనే. డబ్బా తెచ్చాను, తలుపు తియ్యి" అంది వదిన.

"ఆకలి లేదు వదినా."

"ఆకలి లేకపోతే కోపం అరగదు. మీ అన్నయ్య కూడా తినలేదు, అక్కడాయన, ఇక్కడ నువ్వు. మధ్యలో నేను డబ్బాలు పట్టుకుని ఊరేగుతున్నాను."

"అయితే నువ్వు తినెయ్."

తలుపవతల వదిన నిట్టూర్చడం వినిపించింది. తరవాత గొంతు తగ్గించి, "ఒక్క దెబ్బే కదే. కళ్ళు మూసుకుని కొట్టెయ్యరాదూ. కాస్త సర్దుకుంటే ఏం పోతుంది. నువ్వు పట్టిన కుందేలుకి మూడే కాళ్ళంటావు ఎప్పుడూ" అంది.

"ఈ కుందేలుకి నిజంగా మూడే వదినా. కావాలంటే లెక్కపెట్టుకో."

వదినకి నవ్వొచ్చి ఆపుకుంది, ఆపుకుందని తెలుస్తూనే ఉంది. డబ్బా గుమ్మం దగ్గర పెట్టిన చప్పుడు, చెప్పుల చప్పుడు, మళ్ళీ కుళాయి. వదిన మంచిదే. మంచివాళ్ళే ఈ మాట అంటారు, అదే తంటా. సర్దుకో. చెడ్డవాళ్ళు ఏం చేస్తారు, తంతారు, తిడతారు, ఎదురు తిరగడానికి వాటంగా ఉంటుంది. మంచివాళ్ళు తల నిమిరి సర్దుకోమంటారు.

ఆ ఇంట్లోనూ మంచివాళ్ళే. ఆమె కాపురం చేసిన ఇల్లు. ఒక్కరూ గొంతు పెంచేవారు కాదు, మెత్తటి మనుషులు. ఆయన మరీ మెత్తన. ఎవరైనా వచ్చి కాఫీ తాగుతావామ్మా అని ఆమెని అడిగితే, తను తాగదండీ, అనేవాడు. సినిమాకి వస్తావా అంటే, తనకి తలనొప్పండీ. ఏం చదువుకున్నావు అంటే అదీ ఆయనే. మొదట్లో ముద్దుగానే ఉంది, నా గురించి ఎంత తెలుసో అనుకుంది, మురిసిపోయింది కూడా, సిగ్గు లేకుండా. కొన్నాళ్ళకి ఎవరో ఏదో అడిగితే తనే ఆయన వైపు తిరిగి చూస్తోంది, జవాబు కోసం. అలా తిరిగి చూస్తున్నానని తెలిసిన రోజున స్నానాల గదిలోకి వెళ్ళి, కుళాయి తిప్పి, నాకు కాఫీ కావాలి, నాకు కాఫీ కావాలి అని పైకే అంది, గొంతు వేరే ఎవరిదో లాగా వచ్చింది. దానికే వచ్చేస్తావా అన్నారు అందరూ. కొట్టాడా, లేదు. తాగుతాడా, లేదు. మరేమిటే నీ బాధ. చుట్టాలు, పక్కాలు, అన్నయ్య కూడా, సర్దుకో సర్దుకో సర్దుకో, చెవిలో జోరీగ. నాన్న ఒక్కడూ ఏమీ అనకుండా వచ్చి, ఆ ఇంటి వరండాలో ఆమె పక్కన కూర్చుని, "సందుందా?" అన్నాడు. "ఉంది నాన్నా." "సిమెంటుతో పూడుతుందా?" "పూడుతుంది. నిలవదు." "అయితే పద" అన్నాడు. అంతే, సంచీ కూడా ఆయనే మోశాడు. తీసుకొచ్చి ఈ స్టూలు మీద కూర్చోబెట్టి చేతిలో ఆకురాయి పెట్టాడు. నలుగురూ ముక్కున వేలేసుకుంటే వేసుకోనీ, ముక్కులూ వాళ్ళవే, వేళ్ళూ వాళ్ళవే.

మరి అన్నయ్య. అన్నయ్యని తలుచుకుంటేనే మంట కాస్త వంగి పక్కకి పోతుంది, అది ఆమెకి ఇష్టం లేదు, ఇప్పుడు మంట కావాలి. కాని వస్తున్నాడు ఆలోచనలోకి, చొక్కా చేతులు మడుచుకుంటూ, నవ్వుతూ, ఎవరితోనూ పేచీ పడనివాడు. ఇంట్లో ఎవరెవరు కొట్టుకున్నా మధ్యలో దూరి ఇద్దరికీ నువ్వే రైటు అని చెప్పేవాడు. సర్దుబాటు అనే పిలిచేది అమ్మ వాడిని. ఆ సర్దుబాటుతోనే కదా నాన్న పోయాక ఈ షాపు ఇన్నాళ్ళు నిలబడింది, ఆమె ముక్కుసూటితనంతో నిలబడలేదు, అది ఒప్పుకోవాలి. ఇప్పుడు అందరూ ఫ్యాక్టరీ టైళ్ళు కొంటున్నారు, అద్దంలా మెరిసేవి. ప్రెస్సు ఆగిన రోజులే ఎక్కువ. ఆగిన రోజున అన్నయ్య దాని పక్కన నిలబడి చక్రం మీద చెయ్యి వేసి అలా ఉండిపోతాడు, ఆమె చూసింది, చూసి చూడనట్టు వచ్చేసింది. ఈ హాలు పని వస్తే ప్రెస్సు బాబాయి వాళ్ళకి ఏడాదికి ఢోకా లేదు. పోతే, అదిగో ఆ దగ్గు ఇంకెన్నాళ్ళు వినిపిస్తుందో. ఆ మాట అన్నయ్య ఆమెతో అనలేదు. అని ఉంటే, చెల్లీ, భయంగా ఉందే అని ఉంటే, ఆమె ఏం చేసేది. అనలేదు కాబట్టి కోపం తెచ్చుకోవడం సులువైంది. ఉరిమి ఉరిమి మంగళం మీద పడ్డట్టు ఊరందరి మీది భయం తెచ్చి చెల్లెలి మీద పడేశాడు.

లేచింది. అచ్చు బోర్లించింది. వెనక వైపు నున్నగా, ఖాళీగా ఉంది, సరిగ్గా మధ్యలో ముద్ర ఆనించింది, సుత్తి అందుకుంది. ఒక్క దెబ్బే కదే. ఇత్తడి మెత్తన, ఎక్కువ బలం కూడా అక్కర్లేదు. కొడితే ఏమవుతుంది, బయట గంట మోగుతుంది, ప్రెస్సు కదులుతుంది, అన్నయ్య మొహంలో నవ్వు వస్తుంది, వదిన డబ్బా వేడి చేసి తెస్తుంది, రాత్రికి అందరూ కలిసి కూర్చుంటారు. రేపు ఇదే స్టూలు, ఇదే ఆకురాయి, ఇదే కిటికీ. పోయేదేముంది. కూర్చుంటుంది సరే, రేపు ఇదే స్టూలు మీద కూర్చుని షడ్భుజి అచ్చు మూల రుద్దుతూ, ఇంకా వెంట్రుకంత వంకరుందే అనిపిస్తే అప్పుడేం చేస్తుంది. పోనీలే అంటుంది. ముప్పై ఆరు డిగ్రీలు మింగినదానికి వెంట్రుక ఒక లెక్కా. అప్పుడు ఈ గదిలో ఉన్నట్టే గాని ఉన్నట్టు కాదు. ఎవరైనా వచ్చి ఇది మూసుకుంటుందా అంటే మళ్ళీ పక్కకి తిరిగి ఇంకెవరి మొహమో చూడాలి, జవాబు కోసం. ఛీ. ఇంత బతుకూ బతికి మళ్ళీ అక్కడికా. చెయ్యి దించింది, ముద్ర మళ్ళీ జేబులో వేసుకుంది. సుత్తి బల్ల మీద పెట్టిన చప్పుడు బయటికి వినిపించినట్టుంది, అరుగు మీద మాటలు ఠక్కున ఆగాయి. ముద్ర పడిందనుకున్నారేమో, పాపం. గది తీసేసుకుంటావా, తీసుకో అన్నయ్యా. ఏ బల్ల ముందైనా కూర్చోగలను, ఆఖరికి రోడ్డు పక్కన తాళాలు బాగు చేసుకునైనా బతుకుతాను. ఈ దెబ్బ మాత్రం నా చేత్తో పడదు. నీకు భయంగా ఉంటే భయంగా ఉందని చెప్పు, ఇద్దరం కలిసి భయపడదాం, అంతేగాని నాతో అబద్ధం కొట్టించకు. ఇదంతా పైకే అంటోందని మధ్యలో తెలిసింది, తెలిసినా ఆపలేదు.

గంట మోగింది. మోగీ మోగకముందే అరచెయ్యి తలుపు మీద పడింది.

"అయిందా?"

గడియ తీసింది. అన్నయ్య, అతని వెనక ప్రెస్సు బాబాయి, ఆయన వెనక మిగతా ఇద్దరు పనివాళ్ళూ, దూరంగా గోడ వారన వదిన. అన్నయ్య చూపు తిన్నగా బల్ల మీదికి పోయింది, బోర్లించిన అచ్చు మీదికి, దాని నున్నటి వీపు మీదికి. మొహం నల్లబడింది.

"అయితే ముద్ర ఇటివ్వు" అన్నాడు.

ఇచ్చింది. మారు మాట లేకుండా జేబులోంచి తీసి అరచేతిలో పెట్టింది, బల్ల మీది సుత్తి కూడా అతని వైపు జరిపింది. ఏడుస్తుందనుకున్నాడో, అరుస్తుందనుకున్నాడో, ఈ ఇవ్వడానికి మాత్రం అతను సిద్ధంగా లేడు.

"కొట్టు అన్నయ్యా. నువ్వే కొట్టు."

"కొడతాను. నాకేం భయమా."

"కొట్టే ముందు పేర్చాలి బాబూ" అన్నాడు ప్రెస్సు బాబాయి, గొంతు సవరించుకుంటూ. "ఎవరు కొడితే వాళ్ళే. అది నాన్నగారి మాట, మీకు చెప్పేపాటివాణ్ణి కాదు."

బయటివాడు అచ్చుతో పాటు పంపిన ఐదు భుజాల టైళ్ళు బల్ల కింద సంచిలో ఉన్నాయి. అన్నయ్య సంచి ఈడ్చుకుని కింద కూర్చున్నాడు, మోకాళ్ళు నొప్పని రోజూ చెప్పేవాడు ఇప్పుడు చెప్పలేదు. సుద్దతో చుక్క పెట్టాడు. ఒకటి పెట్టాడు, రెండు పెట్టాడు, మూడు పెట్టాడు, సందు నోరు తెరుచుకుంది. నాలుగోది తీసుకుని మొన వైపు పెట్టాడు, అంచు వైపు పెట్టాడు, పెట్టి అరచేత్తో నొక్కాడు. మూడోదాన్ని కాస్త జరిపాడు, సందు ఇవతల మూసుకుని అవతల తెరుచుకుంది. అన్నీ తీసేసి మళ్ళీ మొదటినుంచి పేర్చాడు. వదిన గుమ్మం దాకా వచ్చింది. ఆమెకి చెప్పాలనిపించింది, మూడు చాలవు నాలుగు పట్టవు అన్నయ్యా, వదిలెయ్ అని. పళ్ళ బిగువున ఊరుకుంది. వాడి చేతులే వాడికి చెప్పాలి, ఇంకెవరు చెప్పినా అది చెల్లెలి మొండితనమే అవుతుంది. చెమట అన్నయ్య ముక్కు కొస నుంచి టైలు మీద పడింది, వేలితో తుడిచాడు. తరవాత పేర్చడం ఆపి, ఆ సందులో చూపుడు వేలు పెట్టి, లోపలికీ బయటికీ మెల్లగా జరిపాడు, ఏదో లోతు చూస్తున్నవాడిలాగా.

సుత్తి ముట్టుకోలేదు. ముద్ర గుప్పిట్లోనే ఉంది. కింద కూర్చునే రెండో చేత్తో ఫోను తీసి నొక్కాడు. అవతల ఆ భవనం ఓనరు గొంతు గదంతా వినబడేంత గట్టిగా ఉంది. అన్నయ్య అలవాటైన నవ్వు మొహం మీదికి తెచ్చుకుని, "అంటే ఏం లేదండీ, మా చెల్లెలు ఒప్పుకోవట్లేదండీ, ఆవిడ పట్టుదల మీకు తెలీదు" అన్నాడు.

ఆమె రెండడుగులు వేసి అతని ముందుకు వచ్చి చెయ్యి చాచింది. ముద్ర కోసం. కాదన్నది చెల్లెలే అయితే ముద్ర చెల్లెలి దగ్గరే ఉండాలి కదా. కళ్ళు అతని కళ్ళ మీంచి తియ్యలేదు. అన్నయ్య ఆ చేతి వంక చూశాడు, కింద టైళ్ళ వంక చూశాడు, తల పక్కకి తిప్పుకున్నాడు. చెయ్యి అక్కడే ఉంది. ఫోనులో గొంతు అరుస్తూనే ఉంది, ఆవిణ్ణి ఒప్పించు, నీ మాట వినదా, అంటోంది. భుజం నొప్పి పుడుతున్నా ఆమె చెయ్యి వెనక్కి తీసుకోలేదు.

"కాదండీ" అన్నాడు అన్నయ్య చివరికి. నవ్వు పోయింది, గొంతు చిన్నదైంది. "మా చెల్లెలు కాదు. నేనే పెట్టి చూశాను. కుదరదు."

అవతల ఫోను పెట్టేశారు. అన్నయ్య గుప్పిట తెరిచి ముద్ర ఆమె చేతిలో పెట్టాడు. పెట్టి, ఆ చెయ్యి వదలకుండా పట్టుకుని, "భయంగా ఉందే" అన్నాడు.